ఆంగ్లానువాదాల ద్వారా ప్రపంచ కవిత్వం

తనకు తెలియని భాషలోని కవిత్వాన్ని ఆంగ్లానువాదంలో చదవడం, నచ్చినదానిని అక్కడినుండి తెలుగులోకి తెచ్చుకోవడం ఇరవయ్యవ శతాబ్దం ఆరంభం నుండి తెలుగునాట సాగుతున్న సంప్రదాయం. పారశీకపు రుబాయీ, జపాను హైకూ, ఫ్రెంచి అధివాస్తవిక కవిత, రష్యను విప్లవ గీతం తెలుగు పాఠకులలో అత్యధికులకు ఆంగ్లం ద్వారానే పరిచయమైనవి. మూలభాష నుండి నేరుగా కాక నడుమ మరొక భాష మీదుగా వచ్చిన ఇటువంటి అనువాదాన్ని "అనువాదానికి అనువాదం" అని కూడా అంటారు. ఈ మార్గంలో పాఠకునికి ఏది అందుతుంది, ఏది అందదు అనేది ఈ వ్యాసంలోని విషయం. ఉదాహరణలలో కొన్ని మార్కాపురం, గిద్దలూరు, కంభం, త్రిపురాంతకం పరిసరాలనుండి తీసుకొనబడినవి. ప్రపంచ కవిత్వం ఇక్కడికి ఆంగ్లం మీదుగా వచ్చినట్లే, ఈ చుట్టుపట్ల పుట్టిన, పాడిన కవిత్వం కూడా ఆంగ్లం మీదుగా ప్రపంచానికి చేరినది.

ప్రాంతం

పశ్చిమ ప్రకాశం అని వ్యవహరించే ఈ ప్రాంతం నల్లమల కొండలకు తూర్పున ఉన్నది. 1970లో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా ఏర్పడినపుడు మార్కాపురం, గిద్దలూరు ప్రాంతాలు కర్నూలు జిల్లా నుండి, కనిగిరి, పొదిలి, దర్శి ప్రాంతాలు నెల్లూరు జిల్లా నుండి వచ్చి అందులో చేరినవి. 1972లో ఆ జిల్లాకు టంగుటూరి ప్రకాశం పేరు పెట్టారు. ఇంకా వెనుకకు పోతే, 1858లో కర్నూలు జిల్లాలో కలిసేవరకు కంభం ప్రాంతం కడప జిల్లాలో ఉండేది. కాబట్టి ఈ ఊళ్ళ సాహిత్య చరిత్రను ఏదో ఒక జిల్లా చరిత్రలో వెదికితే దొరకదు. కడప, కర్నూలు, నెల్లూరు, గుంటూరు జిల్లాల చరిత్రలు నాలుగింటిలోనూ ముక్కలు ముక్కలుగా ఉంటుంది.

మార్కాపురం పలకలకు ప్రసిద్ధి. తెలుగునాట అనేక తరాల పిల్లలు అక్షరాలు దిద్దిన రాతిపలకలు ఇక్కడి గనులనుండి వచ్చినవే. గుంటూరు నుండి గుంతకల్లు వెళ్ళే రైలుమార్గం దొనకొండ, మార్కాపురం రోడ్, కంభం, గిద్దలూరు మీదుగా నల్లమలను దాటుతుంది. పుస్తక ప్రచురణకు కేంద్రమైన విజయవాడతో ఈ ప్రాంతానికి ఉన్న పాత బంధం ఈ మార్గమే. పారశీకమో, జపానీసో, ఫ్రెంచో నేర్పే చోటు ఇటువంటి చిన్న పట్టణాలలో లేదు. బడిలో నేర్చిన ఆంగ్లమే ఇక్కడి పాఠకునికి బయటి సాహిత్యానికి ద్వారమైనది.

తెలిసిన పద్యంతో మొదలు: వేమన, బ్రౌన్

ఆంగ్లానువాదం ఎంతవరకు నమ్మదగినది అని తెలుసుకోవడానికి తెలుగు పాఠకుని చేతిలోనే ఒక కొలబద్ద ఉన్నది. తనకు కంఠస్థమైన తెలుగు పద్యాన్ని ఆంగ్లంలో చదివి చూడడమే అది. అందుకు అన్నిటికన్న అనువైనది వేమన.

ఛార్లెస్ ఫిలిప్ బ్రౌన్ 1820లో ఈస్టిండియా కంపెనీ ఉద్యోగిగా కడపకు వచ్చాడు. కంభం అప్పటికి ఆ జిల్లాలోనిదే. ఉద్యోగరీత్యా మొదలుపెట్టిన తెలుగు చదువు అతనికి జీవితకాలపు వ్యాసంగమైనది. వేమన పద్యాల వ్రాతప్రతులను సేకరించి, పాఠాలను పోల్చి, 693 పద్యాలను ఆంగ్లానువాదంతో సహా 1829లో మద్రాసులో అచ్చువేయించాడు. పండితులు అంతగా పట్టించుకొనని కవిని అచ్చులోనికి తెచ్చిన ఈ పుస్తకం, ఐరోపా పాఠకులకు తెలుగు పద్యాన్ని పరిచయం చేసిన తొలి పుస్తకాలలో ఒకటి.

బ్రౌను అనువాదం వచనంలో ఉంటుంది. దానిని మూలంతో పక్కపక్కన పెట్టుకొని చదివితే కొన్ని సంగతులు బయటపడతాయి. పద్యంలోని తర్కం దాదాపు పూర్తిగా దిగినది. ఉపమానం దిగినది. ఒక మాట చెప్పి, దానికి లోకంలోని ఒక దృష్టాంతం చూపి, చురుక్కుమనిపించి ముగించే వేమన పద్ధతి ఆంగ్లంలోనూ తెలుస్తుంది. కాని ఆటవెలది నడక లేదు, యతి లేదు. ప్రతి పద్యం చివర వచ్చే మకుటం తెలుగు చెవికి ఒక తాళం వంటిది. పద్యం ముగిసినదని, ఇక ఆలోచించుకోవలసినది వినేవాడేనని అది చెబుతుంది. ఆంగ్లంలో ఆ పని చేసేది ఏదీ లేదు. వీధిలో వాడే మాటకు, గ్రంథంలో వాడే మాటకు మధ్య వేమన చూపే తేడా కూడా ఆంగ్లంలో చదునైపోయినది. తెలుగు రాని పాఠకుడు ఈ పుస్తకం చదివి వేమనను తెలివైన నీతివాక్యకారుడు అనుకొనే అవకాశం ఉన్నది. అతడు పొరపాటుపడినట్లు కాదు, సగం కవినే కలిసినట్లు.

ఈ పరీక్ష ఒకసారి చేసిన పాఠకునికి మిగిలిన ప్రపంచ కవిత్వం చదవడంలో పెద్ద సహాయం దొరుకుతుంది. ఆంగ్లంలో హాఫిజ్ కేవలం ప్రేమ సూక్తులు చెప్పినవానిలాగా, ఒక చీనా కవి కేవలం చంద్రుణ్ణి చూసి నిట్టూర్చినవానిలాగా కనిపిస్తే, వేమనకు జరిగినదే వారికీ జరిగి ఉండవచ్చునని అనుమానించవచ్చును. తర్కం, దృశ్యం, కథ ఆంగ్లం దాటి వస్తాయి. చెవికి సంబంధించినది, మాట మర్యాదకు సంబంధించినది చాలావరకు ఒడ్డునే ఉండిపోతుంది.

ఉమర్ ఖయ్యాం: ఒక అనువాదం చుట్టూ తగాదా

తెలుగులో ఆంగ్లానువాదపు బలమూ బలహీనతా ఒకేచోట చూపే ఉదాహరణ ఉమర్ ఖయ్యాం. నిషాపూరుకు చెందిన ఖయ్యాం (1048 - 1131) తన కాలంలో గణిత, ఖగోళ శాస్త్రవేత్తగా ప్రసిద్ధుడు. అతని పేరుమీద ఉన్న రుబాయీలు, అనగా నాలుగు పాదాల పద్యాలు, లోకమంతటా తెలియడానికి కారణం ఎడ్వర్డ్ ఫిట్జెరాల్డ్ (1809 - 1883) అనే ఆంగ్లేయుడు.

ఈ కథలో భారతదేశానికీ పాత్ర ఉన్నది. ఫిట్జెరాల్డ్‌కు పారశీకం నేర్పిన ఎడ్వర్డ్ కోవెల్ ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ గ్రంథాలయంలో 158 రుబాయీలున్న వ్రాతప్రతిని గుర్తించి దాని నకలును మిత్రునికి ఇచ్చాడు. 1856లో కోవెల్ ఉద్యోగంపై కలకత్తా వెళ్ళాడు. అక్కడి ఏషియాటిక్ సొసైటీ గ్రంథాలయంలో మరింత పెద్ద ప్రతి దొరకగా, దాని నకలును కూడా పంపాడు. ఈ రెండు ప్రతుల ఆధారంగా ఫిట్జెరాల్డ్ 75 పద్యాలను 1859లో తన పేరు లేకుండా 250 ప్రతులు అచ్చువేయించాడు. వాటిని కొన్నవారు లేరు. చివరికి దుకాణం బయట చవక పుస్తకాల పెట్టెలో పడి ఉండగా 1861లో కొందరి కంట బడినవి. అప్పటినుండి కవులు రోసెట్టి, స్విన్‌బర్న్‌ల ద్వారా పేరు పాకినది. తరువాతి కూర్పులలో పద్యాల సంఖ్య 110కి పెరిగి, తిరిగి 101 దగ్గర స్థిరపడినది.

ఫిట్జెరాల్డ్ చేసినది మాటకు మాట అనువాదం కాదు. విడివిడి ముక్తకాలను ఏరి, ఉదయంతో మొదలై రాత్రితో ముగిసే ఒక కథాక్రమంలో కూర్చాడు. రెండు మూడు రుబాయీలను కలిపి ఒకటి చేశాడు. ఎడ్వర్డ్ హెరన్-ఆలెన్ 1899లో ప్రచురించిన పరిశీలనలో ఫిట్జెరాల్డ్ పద్యాలలో 49 మాత్రమే ఒక్కొక్క మూల పద్యానికి సరిగా సరిపోతాయని, 44 పద్యాలు ఒకటికన్న ఎక్కువ రుబాయీల కలయిక అని తేలినది. పారశీకంలో ఒక్కొక్క రుబాయీ ఒంటరిగా నిలుస్తుంది. దానికి ముందూ వెనుకా లేదు. మన శతక పద్యం వంటిదే అనుకొనవచ్చును. ఆంగ్లంలో అది ఖండకావ్యమైనది.

ఇరవయ్యవ శతాబ్దపు తొలి దశాబ్దాలలో ఈ పుస్తకం తెలుగు కవులను ఊపివేసినది. భావకవితా యుగానికి తగిన విషాదం, మధువు, గులాబి, క్షణికత్వం అందులో ఉన్నవి. రాయప్రోలు సుబ్బారావు మధుకలశము పేరుతో ఖయ్యామును తెలుగు చేశాడు. నెల్లూరు జిల్లావాడైన దువ్వూరి రామిరెడ్డి (1895 - 1947) మాత్రం ఆంగ్లంతో తృప్తిపడలేదు. పారశీకం నేర్చుకొని, మూలం చూసి, పానశాల వ్రాశాడు. కనిగిరి, పొదిలి అప్పుడు నెల్లూరు జిల్లాలోనివే కనుక "కవికోకిల" ఈ ప్రాంతంలో సగానికి సొంత జిల్లా కవి. పిఠాపురానికి చెందిన ఉమర్ ఆలీషా (1885 - 1945) కూడా పారశీకం నుండే ఖయ్యామును తెచ్చాడు. (రాబర్ట్ గ్రేవ్స్‌తో కలిసి 1967లో ఖయ్యామును ఆంగ్లీకరించిన ఒమర్ అలీ-షా వేరు. ఆయన చూపిన "పన్నెండవ శతాబ్దపు కుటుంబ ప్రతి"ని పారశీక పండితులు అంగీకరించలేదు. పేర్లు ఒకటిగా ఉండుటచే తెలుగువారు ఈ ఇద్దరినీ కలిపివేసే ప్రమాదం ఉన్నది.)

అందరికన్న విలక్షణమైన పని ఆదిభట్ల నారాయణదాసు (1864 - 1945) చేశాడు. హరికథా పితామహునిగా ప్రసిద్ధుడైన ఈయన ఫిట్జెరాల్డ్ ఖయ్యాముకు న్యాయం చేయలేదని భావించాడు. ఆ మాట చెప్పి ఊరుకొనక, పారశీక మూలాన్నీ ఫిట్జెరాల్డ్ ఆంగ్లాన్నీ రెంటినీ తీసుకొని, వాటిని సంస్కృతంలోకీ అచ్చతెలుగులోకీ అనువదించి, పాఠకుడే పోల్చి చూసుకొనేటట్లు 1932లో ప్రచురించాడు. అచ్చతెలుగు అనగా సంస్కృత పదం ఒక్కటైనా రాకుండా వ్రాసిన తెలుగు. ఒకే పద్యం మూలం నుండి వచ్చినప్పుడు ఎలా ఉంటుంది, ఆంగ్లం చుట్టి వచ్చినప్పుడు ఎలా ఉంటుంది అనేది ఈ పుస్తకంలో కంటికి కనబడుతుంది. అనువాదంపై ఇంతకన్న నిజాయితీ గల విమర్శ తెలుగులో అరుదు. ఫిట్జెరాల్డ్‌ను తప్పుపట్టడానికి కూడా అతనిని పూర్తిగా అనువదించి చూపవలసివచ్చినది మరి.

అయితే ఈ తగాదాలో ఫిట్జెరాల్డ్ పక్షాన కూడా ఒక మాట చెప్పవలసి ఉన్నది. ఆ ఆంగ్ల పుస్తకమే లేకపోయిన పక్షంలో నిషాపూరు గణితజ్ఞుని పద్యాలకోసం తెలుగు కవులు ఇంతమంది ఒకేసారి బయలుదేరేవారు కారు. మూలం వైపు దారి చూపినది కూడా, లోపాలతో కూడిన ఆ అనువాదమే.

గీతాంజలి: కవి తానే అనువాదకుడైనప్పుడు

మన దేశంలోని మరొక రాష్ట్రపు కవిత్వం కూడా లండను మీదుగా వచ్చినది అనేది విచిత్రంగా తోచవచ్చును. రవీంద్రనాథ్ ఠాగూరు బెంగాలీ గీతాంజలి 1910లో వెలువడినది. అందులో 157 గీతాలు. 1912లో లండనులో వెలువడిన ఆంగ్ల గీతాంజలిలో ఉన్నవి 103. వాటిలో సుమారు సగం మాత్రమే బెంగాలీ గీతాంజలి లోనివి. మిగిలినవి ఠాగూరు ఇతర సంపుటాలనుండి ఏరినవి. బెంగాలీలో పాడుకొనే ఛందస్సు, అంత్యప్రాస ఉన్నవి. ఆంగ్లంలో అది బైబిలు ధోరణి వచనం. పేరు ఒకటే కాని ఇవి రెండు పుస్తకాలు.

1913లో నోబెల్ బహుమతి వచ్చిన తరువాత తెలుగులో వెలువడిన గీతాంజలులలో అనేకం ఆంగ్ల పుస్తకానికి అనువాదాలే. చలం గీతాంజలి వీటిలో బాగా చదవబడినది. అది వచనంలో ఉండటానికి చలం శైలి ఎంత కారణమో, అతని ముందున్న ఆంగ్లం వచనం కావడం కూడా అంతే కారణం. శాంతినికేతనంలో చదువుకొన్న నెల్లూరు జిల్లావాడు బెజవాడ గోపాలరెడ్డి బెంగాలీ నుండి నేరుగా ఠాగూరును తెలుగు చేశాడు.

సర్వనామాల విషయం ఇక్కడ గమనింపదగినది. బెంగాలీలో ప్రథమపురుష సర్వనామానికి లింగభేదం లేదు. "ఆ వచ్చినవారు" స్త్రీయో పురుషుడో చెప్పకుండానే గీతం నడవగలదు. పారశీకంలోనూ అంతే. ఆంగ్లం ఒకటి ఎంచుకొనక తప్పదు. తెలుగుకు కూడా ఈ ఇబ్బంది ఉన్నది. ఇక "నీవు", "మీరు" అనే తేడా బెంగాలీలోనూ తెలుగులోనూ ఉన్నది, నేటి ఆంగ్లంలో లేదు. ఈ రెండు భాషలకు సమానమైన ఒక మర్యాద, మధ్యలో ఆంగ్లంలో దిగి ఎక్కేసరికి పోతుంది. తెలుగు అనువాదకుడు దానిని ఊహించి తిరిగి పెట్టవలసివస్తుంది.

హైకూ: ఆంగ్లంలో జారిపోయిన మాత్రలు

జపాను హైకూ తెలుగులోకి ప్రధానంగా ఆంగ్ల గ్రంథాల ద్వారా వచ్చినది. ఆర్. హెచ్. బ్లైత్ 1949 - 52 మధ్య నాలుగు సంపుటాలలో హైకూలను అనువదించి వ్యాఖ్యానించాడు. ఆ తరువాత ఆంగ్లం చదివే దేశాలన్నిటా హైకూ ఆదరణ పొందినది. తెలుగులో 1990ల దశకంలో దీనికి పెద్ద ఊపు వచ్చినది. ఇస్మాయిల్ (1928 - 2003) కప్పల నిశ్శబ్దం, పెన్నా శివరామకృష్ణ సంపుటాలు ఈ కాలానికి చెందినవి.

హైకూలో 5, 7, 5 చొప్పున 17 "ఓన్"లు ఉంటాయని ఆంగ్ల గ్రంథాలు చెబుతూ, ఓన్ అనే మాటను అక్షరం అని అర్థం వచ్చే ఆంగ్లపదంతో అనువదించినవి. తెలుగులో కొందరు దానిని బట్టి 17 అక్షరాలు లెక్కపెట్టారు. ఎక్కువమంది లెక్కను వదిలి మూడు పాదాలను మాత్రమే ఉంచుకొన్నారు. నిజానికి ఓన్ అనేది అక్షరం కాదు, కాలప్రమాణం. జపానీసులో దీర్ఘాచ్చుకు రెండు ఓన్‌లు. పదంలోని పొల్లు నకారానికి ఒకటి. ద్విత్వానికి అదనంగా ఒకటి. తెలుగు ఛందస్సు తెలిసినవారికి ఇది కొత్త కాదు. లఘువుకు ఒక మాత్ర, దీర్ఘానికి, సంయుక్తాక్షరానికి ముందున్న అక్షరానికి, పొల్లుతో కూడినదానికి గురువుగా రెండు మాత్రలు అనే మన లెక్క దాదాపు ఇదే.

టోక్యో అనే మాట ఆంగ్ల ఛందస్సులో ఇమడాలంటే రెండో మూడో అక్షరాలవుతుంది. జపానీసులో నాలుగు ఓన్‌లు. తెలుగులో రెండు గురువులు, అనగా నాలుగు మాత్రలు. నిప్పోన్ అనే ఆ దేశపు పేరు జపానీసులో నాలుగు, తెలుగులోనూ నాలుగు. హైకు అనే మాట జపానీసులో మూడు, తెలుగులో గురువు, లఘువు కలిసి మూడు. అంటే జపాను లెక్కను తెలుగు ఉన్నదున్నట్లుగా పట్టుకొనగలదు. ఆంగ్లం పట్టుకొనలేదు. మధ్యలో ఆంగ్లం ఉండటం చేత, ఆంగ్లానికి గల లోపాన్ని తెలుగు తన లోపంగా స్వీకరించినది. మాత్రాఛందస్సులో అయిదు, ఏడు, అయిదుగా హైకూ వ్రాసే దారి ఇప్పటికీ తెరిచియే ఉన్నది.

అన్ని చోట్లా నష్టమే జరిగినది అనడం సరికాదు. బ్లైత్ వ్యాఖ్యానంలోని నిశ్శబ్దం, నిరాడంబరత ఇస్మాయిల్ వంటి కవికి తన స్వభావాన్ని తాను గుర్తుపట్టడానికి తగిన వాతావరణాన్ని ఇచ్చినవి. లెక్క పోయినా దృష్టి వచ్చినది.

శ్రీశ్రీ, తరువాతి కవులు

శ్రీశ్రీ (1910 - 1983) ఎడ్గార్ ఎలన్ పో, స్విన్‌బర్న్ వంటివారిని ఆంగ్లంలో నేరుగా చదివాడు. బోదిలేరు, ఎల్యువార్ తదితర ఫ్రెంచి కవుల పరిచయం ప్రధానంగా ఆంగ్లం ద్వారా కలిగినది. చదివినది అతని చేతిలో అనువాదంగా మిగలక తెలుగు ఛందస్సుతో ఢీకొన్నది. 1950లో పుస్తకరూపం దాల్చిన మహాప్రస్థానంలో మాత్రాఛందస్సు నడకలు వినబడటం ఇందుకు నిదర్శనం. దిగుమతి అయిన దృష్టికి ఇంటి నడక తొడిగాడు. నెల్లూరువాడైన పఠాభి 1939లో ప్రచురించిన ఫిడేలు రాగాల డజన్ మరొక విధమైన ఫలితం. అందులో నడకతో సహా అన్నీ మార్చివేయాలనే పట్టుదల కనిపిస్తుంది.

వామపక్ష ఉద్యమాల కాలంలో మయకోవ్‌స్కీ, నెరూడా, నాజిం హిక్మత్ తెలుగు పాఠకులకు దగ్గరయ్యారు. రష్యను, స్పానిషు, తుర్కీ భాషలు మూడూ వేరువేరు కుటుంబాలకు లేదా శాఖలకు చెందినవి. ఆంగ్లంలో చదివిన తెలుగు కవికి మాత్రం ముగ్గురి గొంతూ దాదాపు ఒకేలా వినిపించినది. మయకోవ్‌స్కీ ప్రాసలతో ఆడుకొనే కవి అని తెలియక, అతనిని వచన కవితకు ఆదర్శంగా చూపిన సందర్భాలు కూడా ఉన్నవి. మాస్కోలోని ప్రచురణ సంస్థలలో పనిచేసిన ఉప్పల లక్ష్మణరావు వంటివారు రష్యను నుండి నేరుగా తెలుగు చేసినది ఎక్కువగా వచన సాహిత్యం.

అనేక దేశాల కవిత్వాన్ని ఒకచోట చేర్చిన తెలుగు గ్రంథాలలో ఖరగ్‌పూరు తెలుగు కుటుంబంలో పుట్టిన ముకుంద రామారావు అదే ఆకాశం, అదే గాలి పేర్కొనదగినవి. రెండవదానిలో కవితలతోపాటు ఆయా దేశాల కవిత్వ నేపథ్యం కూడా ఇవ్వబడినది. అనువాదం ఒక్కటే చేతికిచ్చి ఊరుకోకపోవడం పాఠకునికి మేలు చేసే పద్ధతి.

త్రిపురాంతకం: మూలం పోయి అనువాదం మిగిలిన కథ

అనువాదం నమ్మదగినదా అనే ప్రశ్నకు ఈ ప్రాంతపు చరిత్రలోనే మరొక కోణం ఉన్నది. శ్రీశైలానికి తూర్పు ద్వారంగా పేరొందిన త్రిపురాంతక క్షేత్రంలోని దేవునిపై రావిపాటి త్రిపురాంతకుడు త్రిపురాంతకోదాహరణము రచించాడు. ఎనిమిది విభక్తులలో వరుసగా దేవుని స్తుతించే ఉదాహరణ కావ్యాలలో ఇది మేలైనది. విభక్తి ప్రత్యయాలే కావ్యానికి కట్టుబడి కావడంచేత దీనిని ఆంగ్లంలోకి తేవడం దాదాపు అసాధ్యం. ఆంగ్లంలో ఆ పని చేసేవి ప్రత్యయాలు కావు, విడి మాటలు.

ఇదే కవి సంస్కృతంలో ప్రేమాభిరామము అనే రూపకాన్ని వ్రాశాడు. అది లభించలేదు. దాని ఆధారంగా వినుకొండ వల్లభరాయడు తెలుగులో వ్రాసిన క్రీడాభిరామము మాత్రం లభించినది. (దీని కర్తృత్వం శ్రీనాథునిదని వాదించినవారూ ఉన్నారు.) గోవింద మంచనశర్మ, టిట్టిభసెట్టి అనే ఇద్దరు మిత్రులు ఓరుగల్లు వీధులలో ఒక రోజంతా తిరిగే కథ ఇది. కాకతీయ రాజధాని సంతలు, పూటకూళ్ళ ఇళ్ళు, ఆటపాటలు తెలుసుకోవడానికి చరిత్రకారులు ఈ చిన్న పుస్తకాన్నే ఆశ్రయిస్తారు. మానవల్లి రామకృష్ణకవి, వేటూరి ప్రభాకరశాస్త్రి దీనిని పరిష్కరించి వెలువరించినవారు.

ఇందులో త్రిపురాంతకునిది ఎంత, వల్లభరాయనిది ఎంత అనేది తేల్చడానికి ఆధారం లేదు. పోల్చడానికి మూలం లేదు. అయినా ఆ కారణంచేత క్రీడాభిరామమును ఎవరూ రెండవ తరగతి రచనగా చూడలేదు. తెలుగు సాహిత్యమే మహాభారత అనువాదంతో వికసించినది. నన్నయ, తిక్కన, ఎఱ్ఱనలను అనువాదకులు అని పక్కన పెట్టిన పాఠకుడు లేడు. మూలానికి ఋణపడి ఉంటూనే తన కాళ్ళపై నిలిచే అనువాదం ఒకటి ఉంటుందని తెలుగు పాఠకునికి చిన్నప్పటినుండి తెలుసు. ఫిట్జెరాల్డ్ పుస్తకాన్ని ఈ వరుసలో చూసినవారికి అది ఖయ్యాముకు సరైన అద్దం కాకపోయినా మంచి ఆంగ్లకావ్యమని ఒప్పుకోవడం కష్టం కాదు.

ఈ ప్రాంతపు కవిత్వం ఆంగ్లంలో

నల్లమల చుట్టుపట్ల వెలసిన సాహిత్యం 1980ల నుండి ఆంగ్లంలో చెప్పుకోదగినంతగా వచ్చినది. మార్కాపురం డివిజనుకు ఆనుకొని ఉన్న పల్నాటిలో పాడే వీరుల కథను జీన్ రోఘేర్ అనే అమెరికను పరిశోధకుడు, ఆలిసెట్టి గాలెయ్య అనే గాయకుడు పాడగా రికార్డు చేసి, ఆంగ్లంలోకి అనువదించి 1982లో ఆక్స్‌ఫర్డ్ నుండి ప్రచురించాడు. శ్రీనాథుని పేరుమీద ఉన్న పల్నాటి వీరచరిత్ర పుస్తకం చదివినవారు కూడా, రాత్రంతా పాడే ఆ కథ రూపం ఎలా ఉంటుందో ఈ ఆంగ్ల పుస్తకంలో కొత్తగా తెలుసుకొంటారు. పొరుగు ఊరి పాటను పరభాషలో చదవడం మొదట ఇబ్బందిగానే తోస్తుంది.

పాల్కురికి సోమనాథుని బసవపురాణం వెల్చేరు నారాయణరావు అనువాదంగా, రోఘేర్ సహకారంతో, 1990లో ప్రిన్స్‌టన్ నుండి వెలువడినది. అంతకు ముందు 1987లో ధూర్జటి కాళహస్తీశ్వర శతకాన్ని హాంక్ హైఫెట్జ్, నారాయణరావు కలిసి అనువదించారు. నారాయణరావు, డేవిడ్ షుల్మన్ కలిసి 2002లో తెచ్చిన ప్రాచీన తెలుగు కవితా సంకలనం, నారాయణరావు ఒక్కడే ఇరవయ్యవ శతాబ్దపు కవితలతో 2003లో తెచ్చిన సంకలనం తెలుగు రాని పాఠకులకు మొదట అందే పుస్తకాలు. వీటిలో యతిప్రాసలు లేవు. వాటి స్థానంలో అనువాదకులు విస్తృతమైన పీఠికలను, పాదాల విరుపును, సంభాషణ ధోరణిని వాడుకొన్నారు. బ్రౌను కాలంనాటి వచనంతో పోలిస్తే ఇందులో కవి గొంతు ఎక్కువగా వినబడుతుంది. ద్విపద పరుగు మాత్రం ఇందులోనూ దొరకదు.

చదువరులకు

ఒకే కవితకు రెండు ఆంగ్లానువాదాలు దొరికితే రెండూ చదవడం మంచిది. రెంటిలోనూ ఉన్నది మూలంలో ఉండే అవకాశం ఎక్కువ. ఒకదానిలో మాత్రమే ఉన్న సొగసు అనువాదకునిది కావచ్చును. అనువాదం వెలువడిన సంవత్సరం చూడవలెను. 1859 నాటి ఆంగ్ల కవితా భాష పదకొండవ శతాబ్దపు పారశీకానికి ప్రాచీనతను తెచ్చిపెట్టినది. ఆ ప్రాచీనత విక్టోరియా రాణి కాలపు ఇంగ్లండుది. పీఠికను వదలకూడదు. మూలంలో ఛందస్సు ఉన్నదా, ప్రాస ఉన్నదా, పాడేదా, చదివేదా అనేవి సాధారణంగా అక్కడే దొరుకుతాయి. ఆంగ్లం నుండి తెలుగు చేసేవారు ఏ ఆంగ్ల పుస్తకం నుండి, ఎవరి అనువాదం నుండి చేశారో చెప్పడం అవసరం. తెలుగులో చాలామంది మూలకవి పేరు వేసి మధ్యనున్న అనువాదకుని పేరు వదిలివేస్తారు. చదివినది ఎవరి మాటలనో ఆ అనువాదకుని మాటలను గనుక, ఇది మర్యాద కాదు.

లభ్యత విషయానికి వస్తే, భారతదేశంలో రచయిత మరణించిన తరువాత 60 సంవత్సరాలకు గ్రంథస్వామ్యం ముగుస్తుంది. ఈ లెక్కన ఠాగూరు రచనలు 2002 నుండి, నారాయణదాసు, ఉమర్ ఆలీషా రచనలు 2006 నుండి, దువ్వూరి రామిరెడ్డి రచనలు 2008 నుండి అందరి సొత్తు అయినవి. ఫిట్జెరాల్డ్, బ్రౌను పుస్తకాలకు ఆ అడ్డంకి ఎప్పుడో తొలగినది. భారత డిజిటల్ లైబ్రరీ పథకం క్రింద స్కాను చేయబడిన పాత తెలుగు పుస్తకాలలో అనేకం అంతర్జాలంలో ఉచితంగా లభిస్తున్నవి. 1960 నాటి గ్రంథాలయ చట్టం ప్రకారం ఇంటిపన్నుతో కలిపి వసూలు చేసే గ్రంథాలయ పన్నుతో నడిచే శాఖా గ్రంథాలయాలలో ప్రపంచ కవిత్వపు ఆంగ్ల సంకలనాలు దొరకడం కష్టమే కాని, వేమన, గీతాంజలి, మహాప్రస్థానం వంటివి సాధారణంగా ఉంటాయి. బ్రౌను వేమనను తెరమీద, తెలుగు వేమనను చేతిలో పెట్టుకొని పోల్చడానికి అవి చాలును.